ఏడు లెక్కపెట్టే చెవి



ప్రోగ్రెసివ్ మెటల్ అనే సంగీతం గురించి, దాన్ని హై-రెజల్యూషన్ ఆడియోలో వినడం గురించి ఈ పూట మీతో మాట్లాడాలని వచ్చాను. ఈ సంగీతం ఎక్కువగా అమెరికాలో, ఇంగ్లండులో, స్వీడన్‌లో పెరిగింది. వినేవాళ్ళు మాత్రం మన ఊళ్ళలోనూ ఉన్నారు. తాడేపల్లిగూడెంలో 2015లో ఎన్.ఐ.టి. మొదలైంది. అప్పటి నుంచి దేశంలోని ఎన్నో రాష్ట్రాల పిల్లలు అక్కడ హాస్టళ్ళలో ఉండి చదువుకుంటున్నారు. ఒక గదిలో మోగిన పాట పక్క గదిలోకి రావడానికి భాష అడ్డం కాదు. ఏలూరులోనూ ఈ పాటలు వినే కుర్రాళ్ళు నాకు తెలుసు. వాళ్ళు తరచుగా అడిగే మాట ఒకటుంది: "ఇరవై నాలుగు బిట్ల ఫైలుకి డబ్బులు పెట్టొచ్చాండీ? సీడీ క్వాలిటీ సరిపోద్దాండీ?"

నా జవాబు ముందే చెప్పేస్తాను. ఫైలు మీద ఉన్న అంకె ఆఖరి విషయం. అన్నిటికంటే ముందు కావలసింది వినే చెవి. తర్వాత ఆ ఆల్బమ్‌ని ఎవరు ఎలా మాస్టరింగ్ చేశారన్నది, అంటే విడుదలకి ముందు దాని ధ్వనిని ఆఖరిసారి ఎలా సరిచేశారన్నది. ఆ తర్వాత మనం కూర్చున్న గది. ఈ మూడూ కుదిరాకే అంకెల సంగతి. మొదటిది, వినే చెవి, మన తెలుగువాళ్ళకి తరతరాలుగా ఉంది. దాన్ని ఈ సంగీతం వైపు తిప్పడమే మిగిలింది.

ముందు ఈ సంగీతం ఏమిటో చూద్దాం. దారిన పోతూ విన్నవాళ్ళకి ఇది గిటార్ల హోరు, డ్రమ్ముల దరువు. కూర్చుని విన్నవాళ్ళకి లోపల కట్టడం కనిపిస్తుంది. 1985లో బోస్టన్‌లోని బర్క్‌లీ సంగీత కళాశాలలో చదువుకుంటున్న ముగ్గురు విద్యార్థులు, జాన్ పెట్రూచీ, జాన్ మయంగ్, మైక్ పోర్ట్‌నోయ్, ఒక బృందం కట్టారు. అదే డ్రీమ్ థియేటర్. 1999లో వాళ్ళు తెచ్చిన 'సీన్స్ ఫ్రమ్ ఎ మెమరీ' అనే ఆల్బమ్ 77 నిమిషాలు సాగే ఒకే కథ. ఒక మనిషి హిప్నాసిస్‌లోకి వెళ్ళి, 1928లో హత్యకి గురైన ఒక యువతిగా తన పూర్వజన్మను గుర్తు చేసుకుంటాడు. 'మూగ మనసులు' చూసిన గోదావరి జిల్లాల వాళ్ళకి పునర్జన్మ కథను పరిచయం చెయ్యక్కర్లేదు.

ఆ ఆల్బమ్‌లో ఒక చోట విన్న స్వరాల వరస అరగంట తర్వాత వేరే వేగంతో, వేరే వాద్యం మీద తిరిగి వస్తుంది. కథలో దాని అర్థం అప్పటికి మారిపోయి ఉంటుంది. మధ్యలో ఒక పాట తీసి విన్నవాళ్ళకి ఈ సంగతి అందదు. హరికథలో పల్లవి మళ్ళీ మళ్ళీ వచ్చినప్పుడు బరువు ఎలా పెరుగుతుందో ఇక్కడా అంతే. మొదటి నుంచి కూర్చున్నవాళ్ళకే ఆ బరువు తెలుస్తుంది.

స్వీడన్ బృందం ఓపెత్ మరో దారి. 2001లో వచ్చిన 'బ్లాక్‌వాటర్ పార్క్' ఆల్బమ్‌లో గొంతు చించుకునే గర్జన ఉన్నట్టుండి ఆగిపోతుంది. ఒంటరి గిటార్ తీగ మీద మెల్లని పాట మొదలవుతుంది. ఆ రెండింటి మధ్య ఎడమే ఆ సంగీతానికి ప్రాణం. ఈ బృందం 2009లో ఐఐటీ మద్రాసు సారంగ్ ఉత్సవంలో వాయించింది. ఏలూరు స్టేషన్లో రాత్రి బండి ఎక్కితే తెల్లారేసరికి చేరే ఊరికి ఈ సంగీతం వచ్చి వెళ్ళింది.

ఇప్పుడు చెవి సంగతి. ఈ సంగీతం కష్టమని అనేవాళ్ళు మొదట చెప్పేది లెక్క గురించి. సినిమా పాటల్లో, పాప్ పాటల్లో ఎక్కువ భాగం నాలుగు లెక్కలోనో, ఆరు లెక్కలోనో నడుస్తాయి. ప్రోగ్రెసివ్ మెటల్లో అయిదు, ఏడు, తొమ్మిది, పదకొండు వస్తాయి. పాట మధ్యలో లెక్క మారిపోతుంది. నేను చెప్పిన డ్రీమ్ థియేటర్ ఆల్బమ్‌లో 'ది డాన్స్ ఆఫ్ ఇటర్నిటీ' అనే ఆరు నిమిషాల వాద్య రచన ఉంది. అందులో లెక్క వందకు పైగా సార్లు మారుతుంది.

పడమటి దేశాల శ్రోతకి ఇది వింత. మనకి కాకూడదు. ఒక్కసారి నాతో పాటు తొడ మీద వెయ్యండి: తకిట తకధిమి, తకిట తకధిమి. మూడూ నాలుగూ ఏడు. ఇది మిశ్రగతి. మన ఛందస్సులో వృషభగతి రగడ నడక ఇదే. గురజాడ ముత్యాల సరాలకి తీసుకున్న నడక కూడా ఇదే. బడిలో దేశభక్తి గేయం పాడిన ప్రతి తెలుగు పిల్లవాడూ ఏడు లెక్కలో పాడినవాడే. లెక్కపెడుతున్నానన్న ఎరుక లేకుండా పాడాడు, అంతే.

ఇప్పుడు అమెరికాలోని టూల్ అనే బృందం దగ్గరికి రండి. 2001లో వచ్చిన వాళ్ళ 'లాటరలస్' ఆల్బమ్‌లో 'స్కిజమ్' అనే పాట ఉంది. దాని మొదటి బాస్ గిటార్ వరస అయిదు, ఏడు, అయిదు, ఏడు. తక తకిట, తక తక తకిట. తక తకిట, తక తక తకిట. ఖండమూ మిశ్రమూ పక్కపక్కన నడుస్తున్నాయి. కచేరీలో మృదంగం తని ఆవర్తనం విన్న చెవికి ఇది చుట్టమే. ఈ బృందంలో డ్రమ్స్ వాయించే డానీ కేరీ, అలోక్ దత్తా అనే గురువు దగ్గర తబలా నేర్చుకున్నాడు. ఆ శిక్షణ వాయింపులో వినిపిస్తుంది.

అదే ఆల్బమ్‌కి పేరిచ్చిన 'లాటరలస్' పాటలో పల్లవి లెక్క తొమ్మిది, ఎనిమిది, ఏడు. మొదటి చరణాల్లో అక్షరాలు ఒకటి, ఒకటి, రెండు, మూడు, అయిదు, ఎనిమిదిగా పెరిగి మళ్ళీ తగ్గుతాయి. ఒక్కో సంఖ్య దాని ముందున్న రెండింటి మొత్తం. పల్లవి లెక్కలోని మూడు అంకెల్ని కలిపి చదివితే వచ్చే తొమ్మిది వందల ఎనభై ఏడు కూడా ఆ వరసలోనిదే. ప్రపంచం దీన్ని ఇటలీ గణితజ్ఞుడు ఫిబొనాచీ పేరుతో పిలుస్తుంది. ఆయన కంటే ముందే మన దేశంలో ఛందస్సు రాసినవాళ్ళు ఈ వరసను చేరుకున్నారు. విరహాంకుడు, ఆ తర్వాత పన్నెండో శతాబ్దంలో హేమచంద్రుడు వేసుకున్న ప్రశ్న ఇది: లఘువుకి ఒక మాత్ర, గురువుకి రెండు మాత్రలు అయితే, ఇన్ని మాత్రల పాదాన్ని ఎన్ని రకాలుగా కట్టవచ్చు? మూడు మాత్రలకి మూడు రకాలు, నాలుగుకి అయిదు, అయిదుకి ఎనిమిది, ఆరుకి పదమూడు, ఏడుకి ఇరవై ఒకటి. లాస్ ఏంజెలెస్ బృందం ఒక పాటలో వాడుకున్న లెక్క, పద్యం నడక చూసుకుంటూ మన పెద్దలు తేల్చిన లెక్క ఒకటే. అందుకే ఈ సంగీతం మనది కాదని పక్కన పెట్టెయ్యొద్దని అడుగుతున్నాను.

ఇక్కడ మన పాలకొల్లు బిడ్డ మాండలిన్ శ్రీనివాస్‌ని తలచుకోకుండా ముందుకు వెళ్ళలేను. 1969లో పాలకొల్లులో పుట్టిన ఉప్పలపు శ్రీనివాస్, తండ్రి వాయించే మాండలిన్ చూసి ఆరో ఏట ఆ వాద్యం పట్టారు. మామూలు మాండలిన్‌కి నాలుగు జంటల తీగలు. ఆయన ఆ జంటలు తీసేసి, విద్యుత్తుతో మోగే మాండలిన్ మీద అయిదు ఒంటి తీగలు పెట్టుకున్నారు. మామూలు మాండలిన్ మీద స్వరం ఎక్కువసేపు నిలవదు. విద్యుత్తు తోడైతే నిలుస్తుంది. నిలిచిన స్వరం మీద గమకం పలుకుతుంది. మెటల్ గిటారిస్టు చేసేదీ అదే పని. ఆంప్లిఫయర్ బలంతో స్వరాన్ని నిలబెట్టి, దాన్ని వంచుతాడు.

1978లో గుడివాడలో త్యాగరాజ ఉత్సవాల్లో శ్రీనివాస్ తొలి కచేరీ. గుడివాడ అంటే కొల్లేటికి అవతలి వైపు. 1983లో, పద్నాలుగేళ్ళ వయసులో, బెర్లిన్ జాజ్ ఉత్సవంలో వాయించారు. తర్వాత జాన్ మెక్‌లాఫ్లిన్, జాకిర్ హుస్సేన్, సెల్వగణేష్‌లతో 'రిమెంబర్ శక్తి' బృందంలో చేరారు. ఈ మెక్‌లాఫ్లిన్ ఎవరు? 1971లో మహావిష్ణు ఆర్కెస్ట్రా స్థాపించి, బేసి లెక్కల్ని కరెంటు గిటార్ మీద మెరుపు వేగంతో వాయించినవాడు. ప్రోగ్రెసివ్ మెటల్ గిటారిస్టుల వంశవృక్షంలో ఆయన పెద్ద కొమ్మ. ఆ కొమ్మ పక్కన కూర్చుని సమానంగా వాయించినవాడు మన డెల్టా మనిషి. 2014లో, 45 ఏళ్ళకే వెళ్ళిపోయారు. ఈ సంగీతానికీ మన నేలకీ సంబంధం ఏమిటని ఎవరైనా అడిగితే, నేను ముందు ఆయన పేరు చెబుతాను.

ఇక హై-రెజల్యూషన్. ధ్వనిని అంకెలుగా మార్చేటప్పుడు రెండు సంగతులు చూస్తారు. సెకనుకి ఎన్నిసార్లు కొలుస్తున్నాం, కొలిచిన ప్రతిసారీ ఎంత సూక్ష్మంగా రాస్తున్నాం. సీడీలో సెకనుకి 44,100 సార్లు కొలిచి, ఒక్కో కొలతని 16 బిట్లలో రాస్తారు. అంటే 65,536 మెట్లు. హై-రెజల్యూషన్ ఫైలులో సాధారణంగా సెకనుకి 96,000 లేదా 1,92,000 సార్లు కొలిచి, 24 బిట్లలో రాస్తారు. మెట్లు కోటీ 67 లక్షలు దాటుతాయి. దానితో పాటు ఫైలు కూడా పెరుగుతుంది. కుదించకపోతే సీడీ నాణ్యతకి నిమిషానికి సుమారు పదిన్నర మెగాబైట్లు, 24 బిట్లు 96 కిలోహెర్ట్జ్‌కి ముప్పై నాలుగున్నర. 2001లో వచ్చిన ఫ్లాక్ పద్ధతి, ఒక్క అంకె కూడా పోకుండా ఈ బరువుని తగ్గిస్తుంది.

మరి ఆ తేడా వినిపిస్తుందా? మనిషి చెవి వినగలిగేది పసితనంలో 20,000 హెర్ట్జ్ దాకా. వయసుతో పాటు అది దిగుతుంది. సెకనుకి ఎన్నిసార్లు కొలిస్తే అందులో సగం లోపు హెర్ట్జ్ ఉన్న ధ్వనులన్నీ పూర్తిగా పట్టుబడతాయని గణితం చెబుతుంది. 44,100లో సగం 22,050. అంటే మన చెవికి అందేదంతా సీడీలోనే ఉంది. బిట్ల విషయానికి వస్తే, 16 బిట్లకి అతి మెల్లని ధ్వనికీ అతి పెద్ద ధ్వనికీ మధ్య 96 డెసిబెల్స్ ఎడం దొరుకుతుంది. 24 బిట్లకి లెక్క ప్రకారం 144. రికార్డింగ్ చేసేటప్పుడు ఆ అదనపు జాగా చాలా మేలు చేస్తుంది. స్టూడియోలో ఇంజనీరుకి అది అవసరం. వినేవాడికి ఎంత అవసరమన్నదే ప్రశ్న.

దీని మీద పరీక్షలు జరిగాయి. 2007లో మేయర్, మోరాన్ అనే ఇద్దరు అమెరికాలో చేసిన ప్రయోగంలో, ఏది ఏదో చెప్పకుండా వినిపిస్తే శ్రోతలు సుమారు సగం సార్లే సరిగ్గా చెప్పారు. ఊహించి చెప్పినా అంతే వస్తుంది. 2016లో లండన్ క్వీన్ మేరీ విశ్వవిద్యాలయానికి చెందిన జాషువా రీస్, అలాంటి 18 అధ్యయనాలను కలిపి చూశారు. మొత్తం మీద నూటికి 52 సార్లకి కాస్త పైన సరిగ్గా చెప్పగలిగారు. ముందుగా శిక్షణ పొందినవాళ్ళ విషయంలో అది అరవై దాకా వెళ్ళింది. ఈ రెండూ నమ్మదగినవే. తేడా ఉంటే ఉండవచ్చు; అది చిన్నది, సాధన చేసిన చెవికి మాత్రమే అందేది.

కాని చాలామంది కుర్రాళ్ళు హై-రెజల్యూషన్ వెర్షన్ బాగుందని నిజాయితీగానే చెబుతారు. ఆ మాటనీ నేను కొట్టిపారెయ్యను. ఎందుకు బాగుంటుందో తెలుసుకోవాలి. దాని సమాధానం చాలాసార్లు మాస్టరింగ్‌లో ఉంటుంది. 1990ల నుంచి ఆల్బమ్‌లను ఒకదాన్ని మించి ఒకటి పెద్ద శబ్దంతో విడుదల చెయ్యడం అలవాటైంది. మెల్లని చోట్లని పైకి లేపి, పెద్ద చోట్లని నొక్కి, అన్నిటినీ ఒకే ఎత్తుకి తెచ్చారు. 2008లో వచ్చిన మెటాలికా 'డెత్ మాగ్నెటిక్' ఇందుకు పేరుపడ్డ ఉదాహరణ. సీడీలో ధ్వని నలిగి పగిలినట్టుందనీ, అవే పాటలు గిటార్ హీరో అనే వీడియో గేమ్‌లో విప్పారి వినిపిస్తున్నాయనీ అభిమానులే పట్టుకున్నారు. బిట్లు ఎన్ని పెంచినా నలిగిన ధ్వని విప్పారదు.

దీనికి ఎదురుగా స్టీవెన్ విల్సన్ పని ఉంది. ఓపెత్ 'బ్లాక్‌వాటర్ పార్క్' నిర్మాణంలో చెయ్యి వేసిన ఆంగ్ల సంగీతకారుడు ఈయన. 2009 నుంచి కింగ్ క్రిమ్‌సన్ బృందం పాత ఆల్బమ్‌లను అసలు టేపుల నుంచి తిరిగి మిక్స్ చేసి, 24 బిట్ల 96 కిలోహెర్ట్జ్‌లోనూ విడుదల చేశారు. అవి వింటే వాద్యాల మధ్య గాలి ఆడుతుంది. ఆ గాలి ఆయన చేతి పని. దాన్ని సీడీ నాణ్యతకి దించి విన్నా అది అలాగే ఉంటుంది. కాబట్టి కొనేటప్పుడు బిట్లు చూడకముందు ఎవరు మిక్స్ చేశారు, ఎవరు మాస్టర్ చేశారు, ఏ ఏట చేశారు అన్నది చూడండి.

మీరు ఈ మాటలు రేడియోలో మీడియం వేవ్ మీద వింటుంటే, మీ దాకా వస్తున్నది నాలుగైదు వేల హెర్ట్జ్ లోపు ధ్వని మాత్రమే. ఎఫ్.ఎం. మీద అయితే 15,000 దాకా. 1948లో మొదలైన ఆకాశవాణి విజయవాడ కేంద్రం నుంచి మన పెద్దలు ఈ ఇరుకు దారిలోనే భక్తిరంజని విన్నారు. కచేరీలు విని, ఏది శంకరాభరణమో, ఏది కల్యాణో గుర్తుపట్టారు. ధ్యాస పెట్టి విన్నారు కాబట్టి గుర్తుపట్టారు.

అయితే నాణ్యత తక్కువైతే నష్టం లేదని నేను అనడం లేదు. ఒక్క డిస్కులో నూట యాభై పాటలు కుక్కిన ఎంపీత్రీ సీడీల కాలం మనకి గుర్తే. ఆ కుదింపులో మొదట చెడేది డ్రమ్స్ మీది తాళపు చిప్పల ధ్వని. అది నీళ్ళ గరగరలా మారిపోతుంది. గిటార్లు, కీబోర్డు, రెండు కాళ్ళతో వాయించే బాస్ డ్రమ్ము ఒకేసారి కమ్ముకునే మెటల్లో ఆ దెబ్బ ఇంకా ఎక్కువ. కాబట్టి 128 కిలోబిట్ల ఎంపీత్రీ నుంచి సీడీ నాణ్యతకి రండి. ఆ మెట్టు పెద్దది, అందరికీ వినిపిస్తుంది. దానిపై మెట్టు చిన్నది. దాని కోసం అప్పు చెయ్యొద్దు.

ఇక గది. మన డెల్టాలో సంవత్సరంలో ఎక్కువ నెలలు ఫ్యాను తిరగాలి. ఫ్యాను తిరిగే గదిలో 45 డెసిబెల్స్ చుట్టుపక్కల రొద ఉంటుంది. గట్టిగా వింటే 85. మధ్యలో సంగీతానికి మిగిలింది నలభై. సీడీ ఇచ్చే 96కే మన గదిలో చోటు చాలడం లేదు, 144 ఎక్కడ పడుతుంది? ఓపెత్ మెల్లని తీగ ఫ్యాను గాలిలో కలిసిపోతే, ఆ తర్వాత వచ్చే గర్జనకి అర్థం లేదు. అందుకే మార్గశిర, పుష్య మాసాల రాత్రులు ఈ సంగీతానికి మంచి కాలం. ఫ్యాను కట్టెయ్యండి, కిటికీ వెయ్యండి. గదిలో పదిహేను డెసిబెల్స్ రొద తగ్గితే, ఏ ఫైలు కొన్నా రానంత లాభం వస్తుంది.

కైకలూరు, ఆకివీడు వైపు చేపల, రొయ్యల చెరువుల మీద కాపలా ఉండేవాళ్ళ పరిస్థితి వేరు. తెల్లవారుజామున నీళ్ళలో ఆక్సిజన్ పడిపోతుంది కాబట్టి రాత్రంతా నీళ్ళలోకి గాలి కలిపే ఏరేటర్లు తిరుగుతాయి. ఆ మోత సంగీతంలోని కింది స్వరాలని కప్పేస్తుంది. దాన్ని మించాలని వాల్యూమ్ పెంచుతాం. తమ్ముళ్ళూ, కాపలాలో ఉన్నప్పుడు రెండు చెవులూ మూసుకోకండి. ఏరేటర్ ఆగిన సంగతి మీకు వినబడాలి, మీద పడుతున్న లారీ హారన్ వినబడాలి. ఈ సంగీతాన్ని ఇంటికి వెళ్ళాక వినండి. ప్రపంచ ఆరోగ్య సంస్థ పెద్దవాళ్ళకి చెప్పిన హద్దు 80 డెసిబెల్స్ వారానికి 40 గంటలు. మూడు డెసిబెల్స్ పెంచితే ఆ సమయం సగానికి తగ్గుతుంది. పోయిన వినికిడి తిరిగి రాదు.

ఇంకో మాట. బ్లూటూత్ మీద హై-రెజల్యూషన్ పూర్తిగా చేరదు. 24 బిట్లు 96 కిలోహెర్ట్జ్ పాటకి, కుదించకముందు, సెకనుకి 4,608 కిలోబిట్లు కావాలి. ఎల్‌డాక్ అనే మెరుగైన పద్ధతిలో కూడా గరిష్ఠంగా 990. అందుచేత తీగ ఉన్న ఇయర్‌ఫోన్స్ తీసుకోండి. ఫోనుకి గుండ్రని జాక్ లేకపోతే చిన్న టైప్-సి డాంగుల్ పెట్టుకోండి. చెవిలో గట్టిగా కూర్చునే ఇయర్‌ఫోన్ బయటి రొదని కూడా ఆపుతుంది.

తర్వాత ఒక పరీక్ష చెయ్యండి. ఒకే మాస్టర్ నుంచి సీడీ నాణ్యత ఫైలు, హై-రెజల్యూషన్ ఫైలు తీసుకోండి. వాల్యూమ్ రెండింటికీ సమానంగా ఉండాలి, ఎందుకంటే కాస్త గట్టిగా ఉన్నదే చెవికి బాగుందనిపిస్తుంది. ఏది వేస్తున్నాడో చెప్పకుండా స్నేహితుణ్ణి పదిసార్లు వెయ్యమనండి. తొమ్మిదిసార్లు సరిగ్గా చెప్పగలిగితే ఆ ఫైలు మీకు పనికొస్తుంది, కొనుక్కోండి. లేకపోతే ఆ డబ్బుతో మరో ఆల్బమ్ కొనండి. పాట చేసినవాళ్ళకి ఆ డబ్బు చేరుతుంది.

కొత్తగా వినేవాళ్ళు ఓపెత్ 2003లో తెచ్చిన 'డామ్‌నేషన్'తో మొదలుపెట్టండి. గర్జనలు లేవు, ముప్పావు గంటలో అయిపోతుంది. తర్వాత 'సీన్స్ ఫ్రమ్ ఎ మెమరీ' వినండి, కథ ముందే చదువుకుని. తర్వాత 'లాటరలస్', తొడ మీద తాళం వేస్తూ. ఆఖర్న స్వీడన్‌లోని మెషుగా దగ్గరికి వెళ్ళండి. అక్కడ డ్రమ్మరు చేయి నాలుగు లెక్కలో నడుస్తుంటే కాళ్ళూ గిటార్లూ వేరే లెక్కలో తిరిగి, ఎన్నో ఆవర్తాల తర్వాత ఒక చోట కలుస్తాయి. కచేరీలో కోర్వై ముగింపు కోసం ఎదురుచూసినవాళ్ళకి ఆ కలయికలోని ఆనందం చెప్పక్కర్లేదు. దేన్నయినా మొదటి నుంచి చివరిదాకా, ఫోను పక్కన పెట్టి వినండి.

పెద్దవాళ్ళకి ఒక విన్నపం. మీ అబ్బాయో అమ్మాయో ఇయర్‌ఫోన్స్ పెట్టుకుని వేళ్ళతో ఏదో వేస్తుంటే, ఆ హోరేమిటని కసురుకోకండి. ఎన్ని లెక్కలో ఉందని అడగండి. రెండో ఇయర్‌ఫోన్ అడిగి తీసుకోండి. పిల్లలకీ అదే మాట: ఇంట్లో సంగీతం తెలిసిన తాతగారో, అమ్మమ్మగారో ఉంటే ఆ పాట వాళ్ళకి వినిపించి, తాళం వెయ్యమనండి. లెక్క ఎక్కడ మారిందో మీకంటే ముందు వాళ్ళే పట్టుకోవచ్చు. ఈ సంగీతం వినడానికి కావలసిన వాటిలో డబ్బుతో రానిది ఆ చెవి ఒక్కటే. దాన్ని పెద్దవాళ్ళ దగ్గర నేర్చుకోండి.